దొరగారి కబురు

సినిమాల్లో కుక్కలకు నటన నేర్పడం ఆయన పని. ముప్పై ఏళ్లలో ఏ కుక్క మీదా చెయ్యి చేసుకోలేదని గొప్పలు పోయేవాడు. పిల్లల సంగతి ఎవరూ అడగలేదు, ఆయనా చెప్పలేదు.

ఆ సినిమా ఒక పాపకూ కుక్కకూ కుదిరిన స్నేహం కథ. పాపకు ఏడేళ్లు. కుక్కేమో ఎప్పుడు చూసినా లైట్లవాళ్ల దుప్పటి మీద కాళ్లు బారజాపుకుని పడుకునేది కాబట్టి, యూనిట్ అంతా దాన్ని దొరగారు అని, మీరు అని పిలిచేవారు. నలభై రోజుల్లో పాపా అదీ ఒకే ప్రాణమైపోయారు. పాప వాళ్లమ్మ మాటకన్నా ఈ మామయ్య మాటే ఎక్కువ వినేది. దొరగారికి వచ్చింది అలకో, పంటినొప్పో ఆయనే కదా చెప్పగలడు.

కుక్క చనిపోయే సీను వచ్చింది. పాపకు ఏడుపు రాలేదు. గ్లిజరిన్ వేస్తే కళ్లు నలుపుకుని ఎర్రగా చేసుకుంది. పొద్దు వాలిపోతోంది. దర్శకుడు ఆయన్ను పక్కకు పిలిచి, నువ్వు చెబితే నమ్ముతుందన్నాడు. ఆయన కాదనలేదు. పాప ముందు గొంతుక్కూర్చుని రెండు చేతులూ పట్టుకున్నాడు.

"దొరగారు ఇక లేరమ్మా. ఇందాక లారీ కింద పడ్డారు."

ఒక్క టేకులో అయిపోయింది. అందరూ చప్పట్లు కొట్టారు, ఆయనా నవ్వాడు. తర్వాత కుక్కను తెచ్చి ఒళ్లో పెడితే పాప దాన్ని వాటేసుకుని వెక్కుతూనే ఉంది గానీ, ఆయన వంక కన్నెత్తి చూడలేదు. ఆ నవ్వు గుర్తొచ్చినప్పుడల్లా ఆయనకు తల కొట్టేసినట్టుండేది. సినిమా హాల్లో జనమంతా కళ్లు తుడుచుకుంటుంటే, చెప్పులు వెతుక్కునే నెపంతో తల దించుకున్నాడు. పిల్ల ఎంత బాగా చేసిందో అని ఇంటావిడ మురిసిపోతే, బండి తెస్తానని ముందుకు నడిచాడు.

రెండేళ్లకు దొరగారు ముసలితనంతో నిద్రలోనే కన్నుమూశారు. ఫోనులో చెప్పే మాట కాదని ఆయన వ్యాను వేసుకుని పాప ఇంటికి వెళ్లాడు. తలుపు తీసింది పాపే.

"దొరగారు పోయారమ్మా," అన్నాడు.

పాప ఆయన భుజం మీదుగా వీధిలోకి తొంగి చూసింది. "కెమెరా ఎక్కడ పెట్టారు మామయ్యా? ఈసారి నేను నమ్మను," అని నవ్వింది.

ఆయన్ను దాటుకుని వీధిలోకి పరుగెత్తి వ్యాను తలుపు తీసి, సీట్ల కింద వంగి చూస్తూ, దొరగారూ, బయటికి రండి అని పిలవసాగింది.