డేరా బజార్లో నా ఉపవాసం

తినడానికి కూడా ఒకరు దారి చూపించాలని నాకు దుబాయ్ వచ్చేదాకా తెలీదు. మా గోదావరి వైపు ఆకలేస్తే చెయ్యి దానంతటదే నోటి దగ్గరికి పోతుంది. పెద్దింటి ఆడాళ్ళకి అలా పోదంట. ముందు ఒకావిడ నడవాలి, వెనక నలుగురు నడవాలి. ఆవిడ ఆగినచోట అందరూ ఆగాలి. ఆవిడ "ఇదిగో, ఇది ఖర్జూరం" అంటే "ఓహో, ఖర్జూరమా!" అని నోళ్ళు తెరవాలి. తెరిచిన నోళ్ళలో తలా ఒక ముక్క పడాలి. దీన్ని టూర్ అంటారు.

ఆ టూరు పెట్టింది మా మేడం, అంటే నేను పనిచేసే ఇంటావిడ. ఆవిడది మెక్సికో. భర్త ఓడరేవు కట్టే కంపెనీలో ఇంజనీరు. మెక్సికో ఎక్కడుందని మా వదిన అడిగితే "అమెరికా కింద" అని చెప్పా. "కిందంటే, భూమిలోపలా?" అంది. నాకూ అంతకంటే తెలిస్తే కదా. మా మాస్టారు ప్రపంచ పటం గోడకి తగిలించేలోపే నేను బడి మానేశా.

పెళ్ళికి ముందు మేడం వాళ్ళ ఊరి సంతలో ఇదే పని చేసేదంట. ఊరు చూడ్డానికొచ్చిన వాళ్ళని వెంటేసుకుని అంగడంగడికీ తిప్పి, అన్నీ రుచి చూపించడం. దానికి జీతం కూడా ఇచ్చేవారంట! నేను చిన్నప్పుడు మా ఊరి సంతలో బెల్లం కొట్టు దగ్గర ఓ ముక్క, వేరుశెనక్కాయల దగ్గర ఓ గుప్పెడు, అలా పొట్ట నింపుకుని ఇంటికొస్తే మా అమ్మ తొడపాశం పెట్టేది. అదే పని వాళ్ళ దగ్గర ఉద్యోగం. పుట్టాల్సిన చోట పుట్టకపోతే ఇంతే.

ఆ సంత గురించి ఆవిడ కథలు కథలుగా చెప్పేది. మిడతల్ని వేయించి, నిమ్మకాయ పిండి, గంపల్లో పోసి అమ్ముతారంట. నాగజెముడు మట్టలకి ముళ్ళు గీకేసి కూర వండుతారంట. మొక్కజొన్నల్ని సున్నం నీళ్ళలో ఉడికించి రుబ్బి రొట్టెలు చేస్తారంట.

"సున్నం మేం గోడకేస్తాం మేడం" అన్నా.

"గోడ తిని ఏం చేస్తుంది?" అంది.

మామిడికాయ ముక్కల మీద ఉప్పూ కారం చల్లుకుంటారని చెప్పిన రోజు మాత్రం, పర్లేదు, ఈవిడ మనిషే అనుకున్నా.

అలాంటి మేడం వెళ్ళిపోతోంది. భర్తకి ఇక్కడ పని ఖలాస్. వాళ్ళు వెళ్తే నా వీసా కూడా వెళ్తుంది, వీసాతోపాటు నేనూ వెళ్తా. ఇక్కడే వచ్చింది చిక్కు. మా ఊళ్ళో నా పేరు మీద రెండు గదుల ఇల్లు లేస్తోంది. లేస్తోంది అంటే గోడలు లేచాయి, కప్పు లేదు. వానలు పడితే ఆ గోడలు ఎన్నాళ్ళు నిలబడతాయో ఆ దేవుడికే తెలియాలి. "కప్పు లేని ఇల్లు మంచిదేలే, గాలి బాగా వస్తుంది" అని మా వదిన ఊరంతా చెప్పుకు తిరుగుతోంది. ఆ కప్పు పడాలంటే నేను దుబాయ్‌లో ఉండాలి. ఉండాలంటే ఇంకో మేడం దొరకాలి.

దొరికేలాగా ఒకావిడుంది. తెల్లావిడ, బాగా పొడుగు. అందుకే మా పనోళ్ళం పొడుగు మేడం అనేవాళ్ళం. ఆవిడకి పనిమనిషి కావాలి గానీ ఏ మనిషీ నచ్చదు. ఒకమ్మాయి ఎక్కువ తింటోందని పంపేసింది. ఇంకో అమ్మాయి ఎక్కువ నవ్వుతోందని పంపేసింది. నాకు రెండూ ఎక్కువే.

"శనివారం టూరుకి ఆవిడ కూడా వస్తుంది" అంది మా మేడం. "నువ్వూ రా. సంచులు మొయ్యి, కొట్లవాళ్ళతో హిందీ మాట్లాడు, ఆవిడ పక్కనే నడువు. మంచిగా కనిపించు."

మంచిగా కనిపించడానికి తలకి నూనె రాసి, ఇస్త్రీ చీర కట్టా. పొద్దున ఏమీ తినలేదు. ఎందుకు తినాలి? దారి పొడుగునా తినిపించే టూరు కదా.

కంపెనీ వ్యాను తోలేది కడప వైపు సాయిబు, నేను అన్నా అని పిలుస్తా. ఆడాళ్ళంతా వెనకెక్కి కూర్చున్నాక నేను ముందు కూర్చుని చెప్పా, "అన్నా, ఈ రోజు నాకు పండగే. పొట్ట ఖాళీగా ఉంచుకుని వచ్చా."

"సామాన్లకి సంచి ఖాళీ పెట్టుకోమంటే పొట్ట ఖాళీ పెట్టుకుంటివా పాపా? మంచి పని చేస్తివి" అన్నాడు.

పాత బజార్లుండే డేరా పేటలో దిగ్గానే మా మేడం ఎర్ర గొడుగు తెరిచి ఎత్తి పట్టుకుంది. ఎండ నిప్పులు చెరుగుతోంది. ఆ గొడుగు నీడ ఎవరి మీదా పడలేదు, ఎందుకంటే అది నీడకి కాదంట, వెనకోళ్ళు తప్పిపోకుండా చూసుకోడానికంట. నలుగురు ఆడాళ్ళు, ఒక సందు. అందులో ఒకావిడ కొబ్బరి చెట్టంత ఉంది. తప్పిపోతే ఆవిణ్ణే చూసుకుని రావచ్చు, గొడుగెందుకు?

ముందు మసాలాల సందు. ఎండు నిమ్మకాయలు, నల్లగా రాళ్ళలాగా. పొడుగు మేడం ఒకటి తీసి వాసన చూసి అదే పనిగా తుమ్మింది. మా మేడం ఎండుమిరపకాయల బస్తా ముందు ఆగి, ఒకటి కొరికి, కళ్ళనీళ్ళు కారుతుంటే నవ్వుతూ వాళ్ళ భాషలో ఏదో చెప్పుకుంటూ ఉండిపోయింది. పుట్టింటివాళ్ళు కనిపించినట్టు అయిపోయింది మనిషి. మిగతావాళ్ళు మాత్రం మిరపకాయని దూరం నుంచే చూసి "ఇంట్రెస్టింగ్" అన్నారు. వాళ్ళకి తినబుద్ధి కానివన్నీ ఇంట్రెస్టింగే.

ఆ తర్వాత హల్వా కొట్టు. పెద్ద రాగి మూకుడు, అందులో నెయ్యి, కుంకుమపువ్వు, వేడివేడి పాకం. వాసన నా కడుపు దాకా పోయి తలుపు కొట్టింది. కొట్టతను తలా ఒక కాగితం ముక్క మీద హల్వా పెట్టి ఇస్తున్నాడు. ముందు పొడుగు మేడానికి. తర్వాత వరసలో నేనే. నేను అప్పటికే చెయ్యి చాపేశా కూడా.

ఆవిడ తన ముక్క సగం కొరికింది. మూతి ముడిచింది. "టూ స్వీట్" అంది. మిగిలిన సగాన్ని వేళ్ళతో పట్టుకుని, నవ్వుతూ, తిన్నగా నా నోటి ముందు పెట్టింది. "యూ ట్రై."

ఆ ముక్క మీద ఎర్రటి లిప్‌స్టిక్కు. పళ్ళ గుర్తులు కూడా.

ఎంగిలి. మా ఇంట్లో అన్నాచెల్లెళ్ళం ఒక జామకాయ పంచుకోవాలంటే పైట చెంగులో చుట్టి కొరికేవాళ్ళం. మంచినీళ్ళు ఎత్తి పోసుకుంటామే తప్ప గ్లాసుని పెదాలకి ఆనించం. అలాంటిది, నా పేరు కూడా పలకడం రాని మనిషి ఎంగిలి! ఒక పక్క నా ఇంటి కప్పు, ఒక పక్క ఆవిడ లిప్‌స్టిక్కు. నోరు తెరువే పిచ్చిదానా అని బుర్ర చెప్తోంది. నోరు వింటేనా? చేత్తో తీసుకుని కొంగులో దాచేద్దామంటే ఆవిడ చేతికివ్వడంలేదు, పసిపిల్లకి గోరుముద్ద పెట్టినట్టు నోటికే పెడుతోంది.

"నో మేడం" అనేశా. ఆవిడ నవ్వు పోయింది. మా మేడం ఎత్తి పట్టుకున్న గొడుగు దించేసింది. అయిపోయింది నా కప్పు అనుకున్నా. అప్పుడు ఎక్కణ్ణుంచి ఊడిపడ్డాడో మా వెంకన్నబాబు, నా నోట్లోంచే ఊడిపడ్డాడు.

"టుడే సాటర్‌డే. మై గాడ్ డే. ఫాస్టింగ్."

ఆ ఫాస్టింగ్ అన్న ఒక్క మాట రంజాను నెలల్లో నేర్చుకున్నా. పొడుగు మేడం గుండె మీద చెయ్యి పెట్టుకుని "ఓ! సారీ, సారీ!" అని ఆ సగం ముక్క తనే మింగేసింది. టూ స్వీట్ అన్నావిడ.

వెనక సంచులు పట్టుకుని నిలబడ్డ అన్న తెలుగులో మెల్లగా అందుకున్నాడు. "పండగ అంటివే పాపా, ఇంత కఠినమైన పండగ అనుకోలేదు."

"నోరుముయ్యి అన్నా."

"నేను మూసుకుంటాలే. నువ్వు ఇంగ మూసుకోక తప్పదు."

అక్కణ్ణుంచి చూడాలి నా బతుకు. ఖర్జూరాల కొట్టులో ముసలాయన ఇరాన్ మనిషి, నాలుగు రకాలు పళ్ళెంలో పెట్టాడు. నా వైపు పళ్ళెం రాగానే పొడుగు మేడం చెయ్యి అడ్డం పెట్టింది. "నో నో, షీ ఈజ్ ఫాస్టింగ్!" ముసలాయన కళ్ళు పెద్దవి చేసి, "మాషా అల్లా బేటీ" అని, నాకోసం విడిగా ఓ పొట్లం కట్టి, సూర్యుడు దిగాక తినమన్నాడు. సూర్యుడా, నడినెత్తి మీద ఉన్నాడు. దిగే ఆలోచన ఏమీ ఉన్నట్టు లేదు.

రొట్టెల కొట్టు దగ్గర ఇంకా ఘోరం. తందూరులోంచి అప్పుడే తీసిన రొట్టె, నువ్వులు చల్లింది, పొగలు కక్కుతోంది. కొట్టతను దాన్ని తిన్నగా నా చేతికే ఇచ్చాడు. చేతిలో ఉంది! వేళ్ళు కాలుతున్నాయి! పొడుగు మేడం నా చేతిలోంచి దాన్ని జాగ్రత్తగా లాక్కుని, "పాపం, నీ ముందు తినకూడదు" అని, అటు తిరిగి తినేసింది. అంత మర్యాద నేనెక్కడా చూళ్ళేదు.

ఆఖరికి ఊరి మధ్యకి పారే సముద్రపు పాయ ఒడ్డున, పడవలు ఆగేచోట, చాయ్ కొట్టు బల్లల మీద కూలబడ్డారు. నాకు కళ్ళు తిరుగుతున్నాయి. పొడుగు మేడం నన్నే చూస్తోంది. మా మేడం వైపు వంగి అడిగింది, "ఈ అమ్మాయి ఎప్పుడూ ఇంతేనా?"

దొరికిపోయా అనుకున్నా. ఎందుకంటే మా మేడానికి తెలుసు. శనివారాలు వాళ్ళింట్లో ఆవిడ సున్నం రొట్టెలు ఒకదాని మీద ఒకటి పేర్చి పెడితే, కింద రొట్టె దాకా తినేది నేనే. ఇప్పుడు ఆవిడ పకాల్మని నవ్విందంటే చాలు, ఇటు కొలువూ పోతుంది, అటు గోడలూ పోతాయి.

మా మేడం నవ్వలేదు. ఇందాక మిరపకాయల్ని చూపించినంత శ్రద్ధగా, అదే గొంతుతో, చేత్తో నన్ను చూపిస్తూ మొదలెట్టింది. "ప్రతి శనివారం. నీళ్ళు తప్ప ముట్టదు. చాలా భక్తి. మిగతా రోజుల్లో కూడా పిట్టలాగా తింటుంది. మంగళవారం కూడా ఉపవాసమే."

మంగళవారం కూడా అమ్మేసింది!

అప్పుడు వెలిగింది నా బుర్ర. మసాలాలు, హల్వా, ఖర్జూరాలు, అవన్నీ దారిలో తగిలినవి. ఆ టూర్లో ఆవిడ నిజంగా చూపించాలనుకున్న సరుకు నేను. అందుకే ఆఖర్న పెట్టింది.

పొడుగు మేడం నన్ను పైనుంచి కిందకి చూసింది. తక్కువ తినే పనిమనిషి. ఆకలికి నవ్వే ఓపిక కూడా లేక మొహం వేలాడేసుకుని నిలబడ్డ పనిమనిషి. ఆవిడ వెతుక్కుంటున్నది అదే కదా. "వచ్చే నెల నుంచి నా దగ్గరికి రా. వీసా సంగతి మా ఆయన చూస్తాడు" అంది.

అందర్నీ ఇళ్ళ దగ్గర దింపాక వ్యానులో మేము ముగ్గురమే మిగిలాం. మా మేడం తన బుట్టలోంచి కాగితంలో చుట్టిన రొట్టె తీసింది. నువ్వుల రొట్టె, గుండ్రంగా, నిండుగా. దాన్ని అటూ ఇటూ తిప్పి చూపించింది.

"చూసుకో. ఎవరి పళ్ళూ తగల్లేదు."

ఆవిడ కంచంలో మిగిలింది నేనెప్పుడూ ముట్టననీ, గ్లాసు ఎత్తి తాగుతాననీ ఆవిడ ఇన్నాళ్ళుగా చూస్తూనే ఉందన్నమాట. ఒక్కరోజు అడిగిన పాపాన పోలేదు. నేను సగం రొట్టె లాగించేసి, అప్పుడు అడిగా, "మంగళవారం ఎందుకు కలిపారు మేడం?"

"టూర్లో ఎప్పుడూ ఒకటి ఎక్కువ చెప్పాలి. అప్పుడే కొంటారు."

అన్న అద్దంలోంచి నన్ను చూసి, "పొద్దు గుంకకముందే స్వామి వరమిచ్చినాడే!" అన్నాడు.

ఇంక ఆ పొడుగు మేడం ఇంట్లో నా భక్తి చూడాలి. శనివారం, మంగళవారం వంటింటికి తాళం, నా మనసు చెదరకూడదని. ఇంటికొచ్చిన చుట్టాలకి నన్ను పిలిచి చూపించేది. ఆ రెండు రోజులూ మధ్యాన్నం అన్న వ్యాను గోడ వెనక ఆగేది. పరోటా పొట్లం గోడ మీదనించి ఇటు దిగేది. "పాపా, స్వామికి నైవేద్యం తెచ్చినా" అని ఓ కేక.

కప్పు పడింది. సెలవు మీద ఊరెళ్ళిన వారం, శనివారమే, ఆ కప్పు కింద పీట వేసుకుని కూర్చున్నా. వదిన వడ్డిస్తూ, తలెత్తి కప్పు వైపు ఒకసారి చూసి, ఏమీ అనడానికి దొరక్క, "శనివారం కదే, ఒంటిపొద్దు ఉండవా?" అంది.

"దుబాయ్‌లో ఉండాల్సిన ఒంటిపొద్దులన్నీ ఉండి వచ్చేశా వదినా. నువ్వు ఇంకో గరిటె వెయ్యి."