నాయనమ్మ చుట్ట తాగుతున్న బొమ్మ

మొన్న నాగర్‌కర్నూల్‌లో మా మేనత్త చిత్రాల ప్రదర్శనకు వెళ్తే, లోపలికి పోవడానికి వరుసలో నిలబడవలసి వచ్చింది. ఎండకు విసుగు రాలేదు సరికదా, ముందున్నవాళ్లకూ వెనకున్నవాళ్లకూ "ఆమె మా అత్త" అని అడగకుండానే చెప్పుకున్నాను. ఒకప్పుడు ఆ మాట అనడానికి మా ఇంట్లో ఎవరికీ నోరు వచ్చేది కాదు.

అత్త గద్వాలలో దుకాణాల బోర్డులు రాస్తూ బ్రష్షు పట్టింది. తర్వాత చనిపోయినవాళ్ల పటాలు గీసేది. పాత ఫొటో చేతికిచ్చి, "జర తెల్లగ వెయ్యమ్మా" అనేవారు అందరూ. మల్దకల్ నుంచి గట్టు దాకా ఎండలో నల్లబడి బతికినవాళ్లంతా పోయాక ఆమె చేతిలో తెల్లబడ్డారు. ఒకరోజు బ్రష్షు కింద పెట్టి, "సచ్చినోళ్లకు సున్నం గొట్టుడు ఇగ నాతోని గాదు. బతికున్నోళ్లను ఉన్నట్లు వేస్త," అన్నది. మొదట వేసింది తన తల్లినే. జొన్నచేని ఒడ్డున కాళ్లు బారజాపి, చుట్ట తాగుతూ నవ్వుతున్న మా నాయనమ్మ, నల్లరేగడి రంగులో, తలుపంత ఎత్తున.

వనపర్తిలో ఒక బడి హాలులో ఆ బొమ్మ పెట్టిన రోజే గొడవ మొదలైంది. కన్నతల్లి ఇజ్జత్ తీసిందన్నారు. బొమ్మ మీద దుప్పటి కప్పారు. కులపెద్దలు ఇంటికి వచ్చి నాయనమ్మతో, "నీ బిడ్డ మాఫీ అడగాలె, బొమ్మ కాలవెట్టాలె," అన్నారు. నాయనమ్మ అప్పటికి దాన్ని చూడనేలేదు. పొగాకు వాసన వీధంతా తెలిసినా, పెద్దల ముందు తాను చుట్ట ముట్టనట్టే ముప్పై ఏళ్లుగా నెట్టుకొచ్చిన మనిషి. "సూడకుంట ఎట్ల జెప్త?" అని బస్సెక్కింది. వెంట అత్తా నేనూ, వెనకాలే ఆ పెద్దలూ ఎక్కాం. అమ్మ కాదంటే ఇక బ్రష్షు ముట్టనని అత్త దారిలో నా చెవిలో అన్నది.

హాలులో నాయనమ్మ తానే దుప్పటి లాగింది. చాలాసేపు చూసింది. "ముక్కు జర వంకర వచ్చింది బిడ్డా," అన్నది. "మిగిలిందంత నేనే." పెద్దల వైపు తిరిగి, "నా బొమ్మ, నా చుట్ట. మీకేంది పరేషాన్?" అని, రొండిన దోపిన చుట్ట తీసి వాళ్ల ముందే ముట్టించింది. అత్త నవ్విందో ఏడ్చిందో ఇప్పటికీ నాకు తెలియదు. ఆ తర్వాత ఆమె చేతికి అడ్డమనేదే లేకపోయింది. పత్తి ఏరే వేళ్లను, అమరచింత మగ్గాల మీద వంగిన వీపులను ఉన్నవి ఉన్నట్లు వేసింది. తిట్లూ వచ్చాయి, పేరూ వచ్చింది.

మొన్నటి ప్రదర్శనకు, ఆనాడు బొమ్మ కాల్చమన్న పెద్దమనిషి కర్ర ఊతంతో వచ్చాడు. అత్త ముందు నిలబడి, "మా అవ్వకు ఫొటో గూడ లేదమ్మా. వేస్తవా?" అని అడిగాడు. అత్త కుర్చీ జరిపింది. "కూసో కాకా. ఎట్లుంటుండెనో చెప్పు."

ఆయన చెబుతున్నంతసేపూ నేను పక్కనే ఉన్నాను. కాలం ఎవరితోనూ వాదించదు; మనుషులు తమంతట తాము వచ్చేదాకా ఓపిగ్గా కూర్చుంటుంది, అంతే.