మూగబొమ్మ పక్కన ఎటెల్వీనా

స్పెయిన్ ఉత్తర తీరాన యానెస్ రేవులో మా ఆడవాళ్ళం వలలు బాగుచేసి బతికేవాళ్ళం. మాలో ఎటెల్వీనా ఒంటరిది, పెళ్ళి కాలేదు. అయినా మా యాసలో ఆడే నాటకాల్లో పంతొమ్మిదేళ్ళు వితంతువు వేషం ఆమెదే. కడలిపాలైన మొగుణ్ణి తలచుకుని ఆమె మాట్లాడుతుంటే జాలర్లు టోపీలు తీసేవారు.

1926 వేసవిలో మాడ్రిడ్ నుంచి సినిమావాళ్ళు దిగారు. మా నాటకాలు రెండిటిని కలిపి ఒక మూగ సినిమా తీస్తారట. ఎటెల్వీనా నల్ల శాలువా ఉతికి కప్పుకుని వెళ్ళింది. దర్శకుడు దోన్ లెయాంద్రో ఆమెను ఎగాదిగా చూశాడు.

"నీ మొహం తెరకి ఆనదమ్మా. గొంతు మాత్రం కావాలి."

"మూగబొమ్మకి గొంతెందుకయ్యా?"

"వితంతువు వేషం కట్టే మా పురాకి ఏడుపు రావడంలేదు. నువ్వు కెమెరా పక్కన నిలబడి ఆ మాటలు చెప్పు, అదే ఏడుస్తుంది."

నాలుగు రోజులు సముద్రపు గాలిలో నిలబడి చెప్పింది. పురా వెక్కివెక్కి ఏడ్చింది. ఆఖరి రోజున ఆ పిల్ల ఆమె చెయ్యి పట్టుకుంది.

"మీవాళ్ళెవరు పోయారత్తా?"

"పోవడానికి ఎవరైనా ఉండాలి కదమ్మా."

మరుసటి మార్చిలో సినిమా మేం నాటకాలాడే హాలుకే వచ్చింది. తెరమీద పురా పెదవులు కదిలాయి. చేపలమ్మే బెలార్మీనా వెనకనుంచి కేకేసింది. "ఒసే ఎటెల్వీనా, ఆ పిల్ల ఊరికే నోరాడిస్తోంది. నువ్వు చెప్పవే!"

జనం నవ్వారు. ఎటెల్వీనా లేచి మొదలుపెట్టింది. నవ్వులు ఆగిపోయాయి. కానీ సినిమావాళ్ళు ఆ ఘట్టాన్ని సగానికి కత్తిరించేశారు. ఆమె మాటల్లో ఇంకా మొగుడి శవాన్ని వెతుకుతుండగానే తెరమీద పెళ్ళి ఊరేగింపు వచ్చేసింది. జనం చూపులు అటు తిరిగాయి. ఆమె ఆపలేదు. చివరి మాటదాకా చెప్పి కూర్చుంది. ఒక్కరూ చప్పట్లు కొట్టలేదు. పక్కనే ఉన్న నేనూ కొట్టలేదు.

ఆ తర్వాత హాలు సినిమాలకే పోయింది, నాటకాలకు దొరకలేదు. వేషాలు కట్టినవాళ్ళు తలో దిక్కూ పోయారు. వలల దగ్గర ఆమె మాటలు తగ్గించేసింది. ఆదివారం ఊరంతా సినిమాకి పోతే రేవు గోడమీద ఒక్కతే కూర్చునేది.

ఒకసారి పిలిచాను. "రావే, ఇవాళ నవ్వుల బొమ్మట."

"నువ్వెళ్ళిరా. అక్కడ వినడానికేముంది?"

నేను వెళ్ళాను. వీధి మలుపులో తిరిగి చూస్తే ఆమె శాలువా దగ్గరగా లాక్కుని ఇంటికి నడుస్తోంది.