పాటకు ముందు గొంతు

తొంభైల చివర విజయనగరంలో నలుగురు కుర్రాళ్లు కలిసి తెలుగులో రాక్ పాటలు కట్టారు. రెండేళ్లు వాయించి విడిపోయారు. వాళ్ల పాటలంటే పడి చచ్చే కొద్దిమందిలో నా అంత పిచ్చివాడు ఇంకొకడు లేడు. ఏ కాలేజీలో ఏం వాయించారో, ఏ క్యాసెట్‌లో ఏ పాట వేరేగా ఉందో, అన్నీ రాస్తూ ఒక బ్లాగు నడిపేవాణ్ణి. పాటలు మాత్రం అందులో పెట్టేవాణ్ణి కాదు. కావాలంటే మా ఇంటికొచ్చి వినాల్సిందే. అదో దర్జా నాకు!

సాలూరులో లారీ నడిపే మా బావ దగ్గర ఒక క్యాసెట్ దొరికింది. అందులో వాళ్ల కచేరీ ఒకటి మొత్తం ఉంది, ఇంకెవరి దగ్గరా లేదు. బతిమాలి తెచ్చి కంప్యూటర్‌లోకి ఎక్కించాను. ఆపైన మొదలెట్టాను నా తెలివితేటలు. పాటకీ పాటకీ మధ్య దగ్గులు, ఈలలు, ఎవడో అంకెలు లెక్కపెట్టడం, అన్నీ కత్తిరించి పారేశాను. డిస్కులో చోటు లేదని అసలు ఫైలు కూడా చెరిపేశాను. కచేరీ మొత్తం మచ్చ లేకుండా నా దగ్గరుందని బ్లాగులో గొప్పగా రాసుకున్నాను.

క్యాసెట్ తిరిగిస్తే బావ మళ్లీ లారీలోనే పెట్టుకున్నాడు.

"కంప్యూటర్లో ఎక్కిపోనాది కదరా, ఇంకేటి భయం?" అన్నాడు.

నెల తిరక్కుండా ఘాట్ రోడ్డులో టేపు ప్లేయర్ దాన్ని నమిలేసింది. చిక్కుపడ్డ టేపును లాగి కిటికీలోంచి పారేశాడట.

కొన్నేళ్లకు కోటబొమ్మాళి నుంచి ఒకావిడ ఇంటర్ చదివే కూతురితో వెతుక్కుంటూ వచ్చింది. ఆ బ్యాండు డ్రమ్మర్ భార్యట. అతను ఎప్పుడో పోయాడని అప్పుడే తెలిసింది. అన్నీ తెలిసినవాడిలా రాసుకున్నానే, ఛీ, ఈ సంగతే తెలియదు.

"గుంట కడుపులో ఉండగానే పోనారు బాబూ. నాన్న గొంతు ఎలాగుంటాదమ్మా అని అడుగుతాది. ఆయన పాడీవోరు కాదు. పాట ముందర ఒకటీ రెండూ అని లెక్కెట్టీవోరు. మీ కాడ కచేరీ మొత్తం ఉన్నాదని గుంట సదివింది. ఒక్కపాలి ఇనిపించండి."

అప్పుడే చెప్పేయాల్సింది. చెప్పలేక, సిగ్గులేకుండా, పాటలు పెట్టాను. పిల్ల స్పీకరుకు చెవి ఆనించి కూర్చుంది. మొదటి పాట సరాసరి గిటారుతో మొదలైంది. రెండోదీ అంతే. పిల్ల తల్లి వైపు చూసింది.

"ఇప్పుడొస్తాది, ఉండు," అంది తల్లి.

అలా తొమ్మిది పాటలూ అయిపోయాయి. అప్పుడు చెప్పాను, ఆ గొంతు నేనే తీసేశానని, ఇంకెక్కడా లేదని. ఆవిడ తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేది.

"మీకు తెల్దు కదా బాబూ," అని కూతురి చెయ్యి పట్టుకుని లేచింది.

పిల్ల మాత్రం కదల్లేదు.

"మొదటి పాట మళ్లీ ఎట్టండి అంకుల్," అంది. "డ్రమ్ములు నాన్నవే కదా."

పెట్టాను. ఏడుపు ఆగక వీధిలోకి వచ్చేశాను.