అమ్మ మొక్కు, పక్కింటి నూకమ్మ మామ్మ

మా చిన్నప్పుడు... అండమాన్‌లో, పోర్ట్ బ్లెయిర్ షాదీపూర్‌లో మా ఇంటికీ పక్కింటికీ మధ్య ఒక్క చెక్క గోడే ఉండేది. ఆ గోడ అవతల నులక మంచం మీద నూకమ్మ మామ్మ ఉండేది. జారిపడి తుంటి విరిగాక ఇక లేవలేదు. ఒక్కగానొక్క కొడుకు ఓడలో ఖలాసీ... వెళ్తే నెలల తరబడి వచ్చేవాడు కాదు.

ఆమెకు అన్నీ మా అమ్మే. పొద్దున్నే ఒళ్ళు తుడిచి, పక్క మార్చి, సత్తుగిన్నెలో గంజి తీసుకెళ్ళి తాగించేది. మధ్యాహ్నం మళ్ళీ... సాయంత్రం మళ్ళీ. నేను బడి నుంచి మా ఇంటికి కాదు, తిన్నగా ఆ గదికే వెళ్ళాలి. కిటికీ తెరిస్తే ఎదురుగా ఇంకో గోడ. పైన రేకుల మీద వాన. నొప్పుల నూనె వాసన, ఆరని దుప్పట్ల వాసన... బయట పిల్లలు ఆడుకుంటున్న అరుపులు మాత్రం వినిపించేవి.

మామ్మ మాకు చుట్టం కాదు. మా చర్చి మనిషీ కాదు. మరి అమ్మ ఎందుకంత చేసేదంటే... నా వల్ల.

నాకు ఊహ తెలియనప్పుడు నాన్నకు ఉత్తర అండమాన్‌లోని డిగ్లీపూర్‌లో ఉద్యోగం. అక్కడ నాకు జ్వరం ముదిరి కళ్ళు తేలేశానట. పెద్దాసుపత్రికి తీసుకెళ్దామంటే గాలివానకు పోర్ట్ బ్లెయిర్ వెళ్ళే ఓడ ఆగిపోయింది. అమ్మ మోకాళ్ళ మీద పడి, "ప్రభువా, నా బిడ్డను నాకిచ్చెయ్... నువ్వు చూపించిన పని బతికినంత కాలం చేస్తాను" అని మొక్కుకుందట. నేను బతికాను. తర్వాత బదిలీ మీద షాదీపూర్ వచ్చాం. వచ్చిన కొన్నాళ్ళకే మామ్మ పడిపోయింది. దేవుడు చూపించిన పని ఇదేననుకుంది అమ్మ.

ఈ సంగతి అమ్మ చర్చిలో అందరి ముందూ నిలబడి సాక్ష్యంగా చెప్పేది. ఆడవాళ్ళు నా తల నిమిరేవాళ్ళు. నాకు మాత్రం భయం... అమ్మ ఒక్కరోజు మానేస్తే ఆ జ్వరం మళ్ళీ వచ్చేస్తుందని. ఒకసారి అమ్మే జ్వరంతో పడుకుంది. ఆ రోజంతా నేను మెడ కింద చెయ్యి పెట్టుకుని చూసుకుంటూ కూర్చున్నాను... నా ఒళ్ళు కాలుతోందేమోనని. ఎవరికీ చెప్పలేదు. ఎలా చెప్పాలో తెలియలేదు.

మామ్మ నోరు మంచిది కాదు. "మీ దేవుడికి ఇంకో పని నేదేటే? నిన్ను తెచ్చి నా నెత్తి మీన కూకోబెట్టినాడు! నానేటి మంచం దిగనేను... నువ్వేటి మంచం కాడి నుంచి కదలనేవు" అనేది. అమ్మ పెదవులు బిగించి ఆమె తల దువ్వేది.

అలా ఉండగా విశాఖపట్నంలో చిన్నమామయ్య పెళ్ళి కుదిరింది. నాన్న ఓడ టికెట్లు తెచ్చారు. అమ్మ రానంది.

"నేనెళ్తే ఆవిడ్ని ఎవరు చూస్తారండీ?"

"ఎదురింటి మీనా దీదీ లేదా? చర్చి వాళ్ళు లేరా? అడుగు."

"మొక్కుకుంది నేను. వాళ్ళు కాదు."

"సొంత తమ్ముడి పెళ్ళికి కూడా వెళ్ళనివ్వడా నీ దేవుడు?"

అమ్మ ఏడుపు చూసి నాకు ఆగలేదు. "వద్దు నాన్నా... అమ్మ వెళ్తే నేను చచ్చిపోతాను" అనేశాను.

నాన్న టికెట్లు మడిచి జేబులో పెట్టుకున్నారు.

మర్నాటి సాయంత్రం నాన్న పాస్టరుగారిని పిలుచుకొచ్చారు. అమ్మ అంతా చెప్పింది. ఆయన విని, "పాపకి జ్వరం తగ్గిన రోజుకి నువ్వు నూకమ్మగారికి ఎంత సేవ చేశావమ్మా?" అని అడిగారు.

"అప్పటికి ఆవిడెవరో కూడా తెలీదండి."

"మరి దేన్ని చూసి ఇచ్చాడు పాపని?"

అమ్మ నన్ను దగ్గరకు తీసుకుంది.

"ఊరికే ఇచ్చాడమ్మా. నమ్మి ఏడ్చావు, ఇచ్చాడు. నువ్వు పని మానేశావని వెనక్కి లాక్కునేవాడు కాదు." నావైపు తిరిగారు. "మీ అమ్మ రేపట్నుంచి వెళ్ళకపోయినా నీకేం కాదు సుజీ. తెలిసిందా?"

తెల్లారి అమ్మ వెళ్ళలేదు. పీట మీద కూర్చుని టీ తాగింది... అమ్మ వేడి టీ తాగడం అప్పుడే చూశాను. గోడ అవతల మామ్మ దగ్గుతోంది. కాసేపటికి అమ్మ లేచి గిన్నెలో గంజి పోసింది.

"పాస్టరుగారు వద్దన్నారు కదమ్మా?"

"వద్దనలేదే. వెళ్ళకపోయినా పర్లేదన్నారు." చెంగుతో చేతులు తుడుచుకుంది. "ఆవిడకి ఆకలేస్తుంటుంది. నువ్వు రానక్కర్లేదు... వెళ్ళి ఆడుకో."

నేను వెళ్ళలేదు. గోడకు చెవి ఆనించాను. అమ్మ మొక్కు సంగతంతా మామ్మకు చెబుతోంది.

"అయితే ఇన్నాళ్ళూ నువ్వొచ్చింది నాకోసం కాదన్నమాట" అంది మామ్మ. "మరి ఇయ్యాల?"

"ఇవాళ నీకోసమే అత్తా."

"అయితే పెళ్ళికెళ్ళు. నువ్వొచ్చీదాకా నాను సావనులే."

ఇద్దరూ నవ్వారు... ఆ గదిలో నవ్వు వినడం అదే మొదలు. మీనా దీదీని అడిగితే, "తుమ్ జావో దీదీ, హమ్ దేఖ్ లేగా" అంది... నువ్వెళ్ళు, మేం చూసుకుంటాం అని. చర్చి ఆడవాళ్ళు వంతులు వేసుకున్నారు. మేం ఓడెక్కాం. అమ్మ దారంతా నిద్రపోయింది.

తిరిగొచ్చాక మామ్మ ఇంకా కొన్నేళ్ళు బతికింది. అమ్మ వెళ్తూనే ఉంది... ఒంట్లో బాగా లేనప్పుడు మానేస్తూ, మామ్మతో పోట్లాడుతూ, పాటలు పాడుకుంటూ. నేను బయట ఆడుకున్నాను.

ఇప్పుడు షాదీపూర్‌లో అన్నీ సిమెంటు ఇళ్ళే. పక్కింట్లో ఎవరు దగ్గినా వినపడదు. ఈమధ్య నాకు ఆపరేషన్ అయిందని చర్చి వాట్సాప్ గ్రూపులో పెడితే... "ప్రార్థిస్తున్నాం సిస్టర్" అంటూ దండాల బొమ్మలతో ఫోన్ నిండిపోయింది. అవి అబద్ధమని అనను. ప్రార్థించే ఉంటారు. కానీ వారమంతా మా తలుపు తట్టినవాళ్ళు లేరు.

మీ చిన్నప్పుడు, పిలవకుండానే మీ ఇంటికొచ్చి పని అందుకున్న మనిషి ఎవరు? పేరు రాయండి... ఇంట్లో ఒక్కదాన్నే ఉన్నాను, అన్నీ చదువుతాను.