పిండం మీద బూమ్ మైకు

రిటైరవడానికి రెండేళ్ల ముందు, మిరపకాయలు కళ్లాల్లో ఎండే రోజుల్లో, నన్ను సౌండ్ రికార్డిస్టుగా పర్చూరు దగ్గరి పల్లెకు పంపారు. చనిపోయాక మనిషి ఏమవుతాడని జనం నమ్ముతారో చూపే డాక్యుమెంటరీ అది. దర్శకుడు కనిపించినవాళ్లనల్లా పరలోకం గురించి అడిగేవాడు. నేను ఇహలోకంలో మోటార్ల చప్పుడు ఆపించే పనిలో ఉండేవాణ్ణి. మా వరసలో దర్శకుడు, కెమెరామన్, ఆ తర్వాతే సౌండ్ మనిషి. తిట్లు పంచేటప్పుడు మాత్రం మొదటివాణ్ణి నేనే.

ఆ రోజు ఒక పెద్ద రైతు పదకొండో రోజు కర్మ. ఇంటివాళ్ల అనుమతితోనే వెళ్లాం. పెరటి గోడ మీద విస్తరాకులో పిండం పెట్టారు. కాకి ముడితే పోయినాయన తృప్తిపడినట్టు. ముట్టకపోతే కోరికేదో మిగిలిపోయినట్టు. అదేమిటో అయినవాళ్లు ఊహించి, తీరుస్తామని పైకి మాటివ్వాలి.

కాకి రెక్కల చప్పుడు కావాలన్నాడు దర్శకుడు. బూమ్ అంటే చివర మైకు కట్టిన పొడవాటి కర్ర. గాలి హోరు పడకుండా మైకుకు నల్లటి బొచ్చు తొడుగు వేస్తాం. దాన్ని పిండం పైకి చాచాను. కాకులు వేపచెట్టు దాకా వచ్చి అరిచాయి, ఒక్కటీ దిగలేదు.

పెద్దకొడుకు వెంకట్రావు చేతులు జోడించాడు. "నాన్నా, ఉత్తరం చేలో బోరు వేయిస్తా." లాభం లేదు. "నీ గేదెను అమ్మను నాన్నా." ఊహూఁ.

"ఒరేయ్, అసలుది చెప్పరా!" అని ఎవరో పెద్దాయన గదిమాడు.

అసలుది గేటు బయట నిలబడి ఉంది. కూతురు లక్ష్మి చర్చికి వెళ్లే టీచరును ఇష్టపడి పెళ్లి చేసుకుంది. అప్పటినుంచి ఆమెను గడప తొక్కనివ్వలేదు, తండ్రి చివరిచూపూ దక్కనివ్వలేదు. ఆ రోజు రమ్మనేవాళ్లు లేక భర్తతో ఎండలో నిలబడింది.

అప్పుడు బుర్రలో వెలిగింది. కాకులు రాకుండా ఇక్కడి చేలల్లో చచ్చిన కాకిని కర్రకు వేలాడదీస్తారు. నేను సరిగ్గా అలాంటిదాన్నే పిండం మీద ఆడిస్తున్నాను! కంగారుగా దించబోయాను. గుమ్మంలో కూర్చున్న సుబ్బాయమ్మగారు, పోయినాయన భార్య, మైకును చూశారు, నన్ను చూశారు, తల రవ్వంత అడ్డంగా ఊపారు. కర్ర మళ్లీ ఎత్తాను.

ఇంకో అరగంట గడిచింది. నా భుజాలు పీకాయి. చివరికి వెంకట్రావు గేటు వైపు చూసి, మళ్లీ చేతులు జోడించాడు.

"చెల్లినీ బావనీ లోపలికి పిలుస్తా నాన్నా."

"పిలుస్తానంటే ఎట్టా? పిలువు," అన్నారు సుబ్బాయమ్మగారు.

అతను గేటు దాకా వెళ్లి, "రా బావా. రావే లచ్చీ," అన్నాడు. ఆ పిల్ల ఏడుస్తూ వచ్చి తల్లిని వాటేసుకుంది. నేను మైకు నేలకు దించాను. మూడు కాకులు ఒక్కసారే వాలాయి. రెక్కల చప్పుడు మాత్రం దొరకలేదు, దర్శకుడి తిట్లు దొరికాయి.

భోజనాలయ్యాక సుబ్బాయమ్మగారిని మెల్లగా అడిగాను, ఆయన కోరిక అదేనా అని.

"ఆయనదా? పోయేదాకా పిల్ల పేరెత్తితే కసిరాడయ్యా. కోరిక నాది," అన్నారావిడ, నా విస్తట్లో ఇంకో గారె వేస్తూ.

కర్మల దగ్గర మైకు ఎక్కడ పెట్టాలో దర్శకుణ్ణి కాదు, ఆ ఇంటి ఇల్లాలిని అడగాలని నేర్చుకున్నాను.