పదమూడు రోజుల పెళ్ళి భోజనం

త్రికోటేశ్వరరావుకు ఏదీ ఒక్కసారితో సరిపోదు. "బాగుంది, ఇంకోసారి!" అంటాడు. ఈ ఒక్క మాటతోనే మద్రాసులో మూడు స్టూడియోల్లో ఉద్యోగాలు ఊడగొట్టుకున్నాడు. మొదటిచోట కథ రాయమంటే ఒకే కథను పదహారుసార్లు తిరగరాశాడు. రెండోచోట అసిస్టెంటుగా చేరి, డైరెక్టరు 'ఓకే' అన్న షాటుకు తాను "ఇంకోసారి" అన్నాడు. మూడోచోట సలాములో జీవం లేదని గేటు కాపలావాడిచేత మళ్ళీ సలాము కొట్టించాడు. ఆ కాపలావాడు యజమానికి మేనల్లుడట.

1946లో గురజాల తిరిగొచ్చి, ఇక ఎవరి కిందా చేయను, నా సినిమా నేనే తీసుకుంటానన్నాడు. అక్క మొగుడు రాఘవయ్య తుపుక్కున ఉమ్మేశాడు.

"పొలం అమ్మి బొమ్మలు తీత్తావా? మద్రాసోళ్ళు తరిమితే మా మీద పడ్డావేందిరా!"

"కథ విను బావా."

"ఆరుసార్లు విన్నా. ఆరుసార్లూ పెళ్ళికూతురు మారింది. పెళ్ళికొడుకు మాత్రం అదే ఎదవ!"

ఆ ఏడు వానల్లేవు. పొలం పనులు లేవు, కొనే నాథుడు లేక, బొమ్మలు చెక్కే పక్క ఊరు దుర్గిలో రాతిపనీ ఆగింది. త్రికోటేశ్వరరావు పొలం అమ్మిన డబ్బుతో అక్కడే పందిరి వేయించి, మద్రాసు నుంచి కెమెరామాన్ మక్బూల్‌ను రప్పించి, కూలీలనే నటుల్ని చేశాడు. మొదటి సీను పెళ్ళి భోజనం. వరన్నం, పప్పు, గోంగూర, నెయ్యి. అరవైమంది విస్తళ్ళు ఖాళీ చేశాక లేచి, "బాగుంది, రేపు ఇంకోసారి!" అన్నాడు.

మర్నాడూ అదే సీను. తొమ్మిదో రోజూ అదే. వంకలు మాత్రం కొత్తవి. ఒకరోజు వియ్యంకుడు సరిగ్గా తేన్చలేదు. ఇంకోరోజు కూలి గంగమ్మ నవ్వుతూ తినాల్సింది ఆకలిగా తిన్నదట.

"ఆకలైతే ఇంకెట్టా తింటారు బాబూ?"

"రేపు చూద్దాంలే. నీ పిల్లల్నీ తీసుకురా. పిల్లల్లేని పెళ్ళి బోసిగా ఉంది."

పన్నెండో రోజు రాఘవయ్య ఇక తాళలేక దుర్గి వెళ్ళి మక్బూల్‌ను చాటుకు లాగాడు.

"ఏందయ్యా, నాలుగు మెతుకులు తినేదానికి ఎంత ఫిల్ము తగలేత్తారు?"

"ఫిల్మెక్కడిది సాబ్? మొదటిరోజే అయిపోయింది. ఆ షాటు చానా బాగా వచ్చింది కూడా."

"మరి రోజూ ఆ పెట్టె తిప్పుతున్నావేంది?"

"ఆయన తిప్పమన్నారు. ఊరికే పెడితే వీళ్ళు తినరంట. వేషం అంటే తింటారంట."

రాఘవయ్య పందిరివైపు చూశాడు. గంగమ్మ చిన్నకూతురు విస్తరిలో ముఖం పెట్టేసినంత పని చేస్తోంది. బావమరిది బంతుల మధ్య తిరుగుతూ, అన్నం తక్కువైన చోటల్లా "ఇక్కడ నటన చాల్లేదు, వడ్డించండి!" అని కేకలేస్తున్నాడు. రాఘవయ్య అటునుంచటే ఇంటికొచ్చేశాడు.

మర్నాడు పొద్దున్నే బండిలో రెండు బస్తాల బియ్యం, పెద్ద కుండ నిండా మజ్జిగ వేసుకుని దుర్గిలో దిగాడు.

"మజ్జిగ లేని పెళ్ళేందిరా, దరిద్రుడా? నీకు సినిమా తీయడం ఈ జన్మకి రాదు!" అని అందరి ముందూ తిట్టి, కండువా నడుముకు బిగించి తానే వడ్డనకు దిగాడు. రెండో బంతికి మీసం దువ్వుకుంటూ వెనక్కి తిరిగాడు.

"మక్బూలూ, ఆ పెట్టె కాస్త ఎడమ పక్కనుంచి తిప్పవయ్యా. అటైతే నా మొహం కళగా ఉంటది."